ఎర్తు లేని ఇంట్లో కంప్యూటర్

కొవ్వూరులో మా పాత ఇల్లు కొనుక్కున్నాయన పోయిన నెల ఫోన్ చేశాడు. "మేడమ్, మీరొకసారి రాగలరాండీ? పునాదులు తీస్తుంటే పక్క సందులో ఏదో బయటపడింది. పనివాళ్లు పలుగులు కింద పడేసి కూర్చున్నారు" అన్నాడు. కాలేజీ అవగానే రాజమండ్రిలో ఆటో ఎక్కి, వంతెన దాటి వెళ్లాను. ఇంటి గోడలు అప్పటికే లేవు. మేస్త్రీ నన్ను చూడగానే తలగుడ్డ విప్పి చేత్తో పట్టుకుని, "తప్పుగా అనుకోకండమ్మా, ఈ ఇంట్లో ఎప్పుడైనా ఎవరైనా ఏదైనా చేయించారాండీ?" అని గొంతు తగ్గించి అడిగాడు. గోతిలోకి తొంగిచూశాను. నల్లటి బొగ్గులు, ఉప్పు పట్టి తెల్లబారిన మట్టి, తుప్పు తినేసిన ఇనపగొట్టం, దాని మొదట్లో పచ్చగా చిలుము పట్టిన రాగిరేకు. "చేతబడి కాదు బాబూ, ఇది కరెంటుకి పెట్టుకున్న ఎర్తు గొయ్యి" అన్నాను. మేస్త్రీ గట్టిగా నవ్వేసి పలుగు అందుకున్నాడు. నాకు మాత్రం నవ్వు రాలేదు. అక్కడే ఇటుకల మీద కాసేపు కూర్చుండిపోయాను. దెయ్యానికి కాకపోయినా, ఆ గొయ్యి తవ్వించింది భయమే.

మా ఇంట్లో స్విచ్చి వెయ్యడమంటే చిన్న సంగతి కాదు. స్విచ్ బోర్డు కింద ఒక చెక్కపీట ఉండేది. ముందు ఆ పీట ఎక్కాలి. మేకుకి వేలాడే పొడి తువ్వాలుతో చేతులు తుడుచుకోవాలి. అప్పుడు మూలనున్న ఎండు వెదురుకర్ర తీసుకుని దాని కొసతో స్విచ్చి నొక్కాలి. హైస్కూలు రోజులనుంచీ ఆ ఇంట్లో వేలితో నొక్కిన గుర్తు నాకు లేదు. ఇస్త్రీపెట్టె లేదు. గ్రైండర్ లేదు, పప్పు రుబ్బురోట్లోనే రుబ్బేవాళ్లం. స్నానానికి నీళ్లు పెరట్లో కట్టెల పొయ్యి మీద కాగేవి, ఆ పొగ వాసన మా తలలకీ బట్టలకీ పట్టి ఉండేది. పడమట మబ్బు కమ్మిందంటే చాలు, నాయనమ్మ మెయిన్ ఆపేసేది. ఉరుము ఎక్కడో పట్టిసీమ అవతల ఉరిమినా మాకు ఫ్యాన్ ఆగిపోయేది. వర్షాకాలమంతా కిరసనాయిలు దీపం కిందే చదువుకున్నాను. "తుడుచుకున్నావే చేతులు?" అన్నది ఆవిడ రోజంతా అడిగే మాట. అన్నం తినొచ్చినా అదే, పూలు కోసుకొచ్చినా అదే. తన చేతులు కూడా ఊరికే పమిటకి తుడుచుకుంటూ ఉండేది. పొడిగా ఉన్నా సరే తుడుచుకునేది. ఆవిడ పమిట చెంగు అంచు ఎప్పుడూ ముందుగా చిరిగిపోయేది.

ఆ భయం ఆవిడకి ఊరికే రాలేదు. నేను హైస్కూల్లో చేరిన ఏడాది మా నాన్న పొలంలో బోరు మోటారు దగ్గర చనిపోయాడు. ఊరి బయట రేకుల షెడ్డు, అందులో గోడకి ఇనప స్టార్టర్ పెట్టె. నాయనమ్మ మధ్యాహ్నం క్యారేజీ పట్టుకెళ్లింది. షెడ్డులోంచి మోటారు తిరగకుండా మూలుగుతున్న చప్పుడు వినిపించిందట. నాన్న తడికాళ్లతో లోపలికి వెళ్లి, పెట్టె మీద చెయ్యి వేశాడు. ఆ చెయ్యి ఇక రాలేదు. నాయనమ్మ అరుస్తూ పట్టుకోబోతే పక్క పొలం రైతు వెనకనుంచి ఆవిడ చీర పట్టి లాగేశాడు. ఫ్యూజు పీకే మనిషి దొరికేసరికి అంతా అయిపోయింది. ఇదంతా ఆవిడ నాకు ఎన్నడూ వరసగా చెప్పలేదు. పప్పు ఏరుతూ ఏరుతూ ఒక ముక్క, జడ వేస్తూ ఒక ముక్క చెప్పేది. "చేతిలో ఎండుకర్ర ఉంటే కొట్టి విడిపించేదాన్నే. అన్నం క్యారేజీ ఉంది" అనేది. అప్పటినుంచే ఇంట్లో ప్రతి స్విచ్ బోర్డు పక్కనా ఒక ఎండుకర్ర.

నాన్న పోయాక పొలం కౌలుకి ఇచ్చేసి, అమ్మ ముందుగదిలో టైపు ఇన్‌స్టిట్యూట్ పెట్టింది. పెళ్లికి ముందు ఆవిడ టైపు హయ్యర్ పాసయింది. ఆ చదువు మమ్మల్ని నిలబెట్టింది. తెల్లారకముందే మొదటి బ్యాచ్ వచ్చేసేది. రిబ్బన్ సిరా వాసన, మిషన్లు తుడిచే కిరసనాయిలు వాసన, పది వేళ్లూ ఒకేసారి పడే టపటప చప్పుడు. పక్క గదిలో పడుకుని ఆ చప్పుడు వింటూనే నేను నిద్ర లేచేదాన్ని. అమ్మ ఎవరి భుజం మీదకీ వంగేది కాదు. గది మధ్యలో నిలబడి చప్పుడు వినే "మూడో మిషన్, నీ చిటికెనవేలు పనిచెయ్యట్లేదమ్మా" అని చెప్పేది. నాయనమ్మకి ఆ గదంటే ఇష్టం. కరెంటు లేకుండా నడిచే పని కదా. వీధరుగు మీద విసనకర్రతో కూర్చుని, వచ్చే పిల్లల్ని "ఏ ఊరమ్మా మీది?" అని పలకరిస్తూ ఉండేది.

నేను డిగ్రీలోకి వచ్చేసరికి ఆ చప్పుడు పలచబడిపోయింది. పిల్లలు రాజమండ్రి వెళ్లి కంప్యూటర్ నేర్చుకుంటున్నారు. మిషన్లకి ఒక్కొక్కదానికీ గుడ్డ కప్పేశాం. అమ్మ కప్పుతున్నప్పుడు నేను చూశాను, పోయినవాళ్ల ముఖం మీద గుడ్డ వేసినట్టే వేసింది. నేను కాలేజీలో కాస్త కంప్యూటర్ నేర్చుకున్నాను. ఒక్కటి కొనుక్కుంటే మనమే నేర్పొచ్చని అమ్మని ఒప్పించాను. నాయనమ్మ రెండు రోజులు మాతో మాట్లాడలేదు. చివరికి "తెచ్చుకోండి. కానీ అది ఒక్కసారి ఎవరికైనా కొట్టిందంటే, ఆ పూటే గోదాట్లో పడేస్తాను" అంది.

అది అసెంబుల్ చేసిన కంప్యూటర్. రాజమండ్రిలో ఒక చిన్న షాపాయన అన్నిట్లోకీ తక్కువలో కట్టిచ్చాడు. మానిటర్ పాతదే, ఎవరి ఆఫీసులోనో వాడేసినది. "బొమ్మ చూపించడానికి విడిగా కార్డు అక్కర్లేదండి, మదర్‌బోర్డులోనే ఉంది" అన్నాడు. మానిటర్‌ని నా ఒళ్లో పెట్టుకుని బస్సులో వంతెన దాటాను. ఇంట్లో పెట్టి స్విచ్చి వేశాక చూస్తే, తెర మీద అన్నీ బండరాళ్లంత లావుగా ఉన్నాయి. పదహారే రంగులు. కిటికీ, అదే విండో, ఏది తెరిచినా దాని కింది సగం తెర బయట ఉండిపోయేది, ఓకే అని నొక్కే బటన్ కనపడేదే కాదు. పేజీ కిందికి జరిపితే తడి దుప్పటి లాగినట్టు మెల్లగా జరిగేది. షాపాయనకి ఎస్టీడీ బూత్ నుంచి ఫోన్ చేస్తే, "డిస్‌ప్లే డ్రైవర్ వెయ్యలేదండి, సీడీ అట్టపెట్టెలో ఉంది చూడండి, నేనొచ్చి వేస్తాను" అన్నాడు. ప్రతి వారం వస్తాననేవాడు గానీ రాలేదు.

"డ్రైవర్ ఎప్పుడొస్తాడే?" అని నాయనమ్మ రోజూ అడిగేది. మనిషి అనుకుంది. నేను నవ్వి, అది మనిషి కాదు, లోపల బొమ్మ గీసే ముక్కని ఎలా పని చేయించాలో కంప్యూటర్‌కి చెప్పే చిన్న ప్రోగ్రామ్ అని చెప్పాను. "అయితే ఇన్నాళ్లూ అది ఏం చెయ్యాలో తెలీకుండానే కరెంటు తాగుతోందా?" అంది. ఆ ప్రశ్న విన్నాక నాకు నవ్వు పోయింది. ఎందుకంటే ఆవిడకి చెప్పని ఇంకో సంగతి అమ్మకీ నాకూ తెలుసు. ఆ కేబినెట్ మీద చెయ్యి పడితే జిల్లుమనేది. ముంజేతి మీద చీమలు పాకినట్టు ఉండేది. షాపాయన్ని అడిగితే "అన్నీ అలాగే ఉంటాయండి, చెప్పులేసుకుని కూర్చోండి" అన్నాడు. ఆ రోజునుంచి అమ్మా నేనూ హవాయి చెప్పులు వేసుకుని, చేతులు దగ్గరికి ముడుచుకుని, ఆ పెట్టెకి ఎక్కడా తగలకుండా పని చేసేవాళ్లం. స్విచ్చి వేసిన ప్రతిసారీ లోపల ఫ్యాన్ గుర్రుమనగానే ఊపిరి బిగపట్టేదాన్ని.

శ్రావణంలో అమ్మకి ఒక కబురొచ్చింది. ఊళ్లో ఉన్న ఆడపిల్లల కాన్వెంట్ కరస్పాండెంట్ మేడమ్ తమ పిల్లల్ని బ్యాచ్‌లుగా మా దగ్గరికి కంప్యూటర్‌కి పంపుతామన్నారు. సోమవారం వచ్చి చూస్తానన్నారు. అమ్మ ఆ మాట చెప్పినప్పుడు ఆవిడ గొంతులో చాలాకాలం తర్వాత పాత బ్యాచ్‌ల నాటి హుషారు వినిపించింది. మరుక్షణమే "ఆ తెర అలా ఉంటే ఎలా చూపిస్తామే చిట్టీ?" అంది. షాపాయనకి ఫోన్ చేస్తే ఎవరూ ఎత్తలేదు. డ్రైవర్ నేనే వెయ్యాలనుకున్నాను.

శనివారం మధ్యాహ్నం. వాన మొదలై మూడు రోజులైంది. గోదావరి ఎర్రగా పోటెత్తింది. గోడలు చెమ్మ కారుతున్నాయి, నేల మీద నడిస్తే అడుగులు అంటుకుంటున్నాయి. ఉరుములు లేవు గనక నాయనమ్మ మెయిన్ వెయ్యనిచ్చింది గానీ గుమ్మంలోనే కర్ర ఒళ్లో పెట్టుకుని కూర్చుంది. సీడీ పెట్టి చూశాను. ఒక్క పేరు కాదు, బోలెడు ఫోల్డర్లు. ఒకేలాంటి అక్షరాలు, చివర్లో అంకెలు మాత్రం తేడా. అది ఒకే సీడీలో రకరకాల మదర్‌బోర్డులకి పోసి పెట్టిన కుప్ప. మాది ఏదో ఆ షాపాయనకే తెలియాలి. అట్టపెట్టె మీద ఉన్న పేరుకి దగ్గరగా కనిపించిందాన్ని ఎంచుకున్నాను. ఎంత పని అయిందో చూపించే గీత మెల్లగా నిండింది. కంప్యూటర్ ఆపి మళ్లీ ఆన్ చెయ్యమని తెర మీద వచ్చింది. నొక్కాను.

తెర నల్లబడింది. అలాగే ఉండిపోయింది. తర్వాత లోపల టిక్కుమని ఏదో కొట్టుకుని, తెరంతా ఏటవాలు గీతలై చిరిగిపోయింది. మానిటర్ కీచుమనడం మొదలుపెట్టింది. సన్నగా మొదలై పెరుగుతున్న చప్పుడు. ఆ పాత మానిటర్ తట్టుకోలేనంత వేగంగా బొమ్మ మార్చమని ఆ తప్పు డ్రైవర్ దాన్ని తరుముతోందని నాకు తర్వాత తెలిసింది. అప్పుడు మాత్రం అది పేలిపోతుందనుకున్నాను. అమ్మ "ఆపవే, ఆపు!" అని కేక పెట్టింది. కర్రతో స్విచ్చి నొక్కాలన్న ఆలోచనే రాలేదు. లేవబోతే ఒక చెప్పు కాలినుంచి జారిపోయింది. తడినేల మీద ఒట్టికాలు పెట్టి, వైరు పీకేద్దామని కేబినెట్ వెనక్కి చెయ్యి పోనిచ్చాను. ముంజెయ్యి ఆ ఇనప రేకుకి ఆనుకుంది. ఈసారి చీమలు కాదు, ఎవరో మోచేతి ఎముక మీద కొట్టినట్టయింది. అరిచాను. చెయ్యి లాక్కున్నానో లేదో కూడా గుర్తులేదు.

నాయనమ్మ దృష్టిలో నా చెయ్యి ఇక రాదు. ఆ మూలుగు, ఆ తడినేల, ఇనప పెట్టె మీద చెయ్యి, అరుపు. ఆవిడకి అది మా ముందుగది కాదు, రేకుల షెడ్డే. కర్ర ఎత్తి, ఉన్న బలమంతా పెట్టి నా చేతి మీద కొట్టింది. ఎముక విరిగిన చప్పుడు నాకు వినిపించింది. కింద పడ్డాను. ఆవిడ ఆగలేదు, ఇంకో దెబ్బ నా భుజం మీద పడింది. అమ్మ మెయిన్ ఆపేసింది. కీచు చప్పుడు తగ్గుతూ తగ్గుతూ పోయింది. ఇంట్లో వాన చప్పుడు ఒక్కటే మిగిలింది. నాయనమ్మ కర్ర పట్టుకునే నిలబడి, "వదిలిందా? వదిలిందా రత్నం? ఊపిరుందా?" అని అమ్మని అడుగుతోంది. నేను ఏడుస్తున్నా ఆవిడకి వినపడడం లేదు.

ఆసుపత్రిలో కుడిచేతికి సిమెంటు కట్టు వేశారు. ఇంటికొచ్చేసరికి నాయనమ్మ మూల కూర్చుని ఉంది. కంచంలో అన్నం అలాగే ఉంది. నన్ను చూసి లేచి వచ్చి, కట్టులోంచి బయటికి కనిపిస్తున్న వేళ్లని ఒక్కొక్కటీ కదిపి చూసింది. వెచ్చగా ఉన్నాయో లేదో బుగ్గకి ఆనించుకుని చూసింది. అమ్మే అంది, "మనకీ దరిద్రం వద్దు అత్తయ్యా. రేపే దాన్ని తీసుకెళ్లి ఎవరికైనా ఇచ్చేస్తాను. సోమవారం ఆ మేడమ్‌కి కుదరదని చెప్పేస్తాను. కుట్టుమిషను పెట్టుకుందాం." నాయనమ్మ గోదాట్లో పడెయ్యమంటుందనుకున్నాను. ఆవిడ పమిటకి చేతులు తుడుచుకుంటూ, "కరెంటు పని చేసే సత్తిబాబుని పిలు" అంది. "ఇప్పుడెందుకండీ?" అంది అమ్మ. "అది ఎందుకు కొట్టిందో నాకు తెలియాలి. వాడు పోయినప్పుడు నేనెవర్నీ అడగలేదు. అడగాలని కూడా తెలీలేదు."

సత్తిబాబు ఆదివారం పొద్దున్నే వచ్చాడు. వీధి చివర మోటార్లు చుట్టే కొట్టు అతనిది. ప్లగ్గు పెట్టే చోట మూత విప్పి, తలకాయ ఊపుతూ మా ముగ్గుర్నీ పిలిచి చూపించాడు. మూడు కన్నాలున్నాయి గానీ పై కన్నానికి వెనకాల తీగే లేదు. "ఇల్లు కట్టినప్పుడు ఎవరూ ఎర్తు పెట్టలేదండి. ఈ పెట్టెలోంచి కొంచెం కరెంటు ఎప్పుడూ బయటికి కారుతూ ఉంటుంది. అది భూమిలోకి పోవడానికి దారి లేదండి. మీరు చెయ్యి పెట్టారు, మీలోంచి పోయింది" అన్నాడు. దారి చేస్తే మళ్లీ కొట్టదా అని అమ్మ అడిగింది. "గొయ్యి తీసి ఇనపగొట్టం, రాగిరేకు పాతి, చుట్టూ బొగ్గూ ఉప్పూ వేద్దామండి. ఎండాకాలం రోజూ ఒక చెంబు నీళ్లు పొయ్యాలండి, అంతే."

నాయనమ్మ అతని ముఖంలోకే చూస్తోంది. "పొలంలో షెడ్డుకి కూడా ఇది లేదా నాయనా?" అంది. సత్తిబాబు చేతిలో స్క్రూడ్రైవర్‌ని తిప్పుతూ తల దించుకున్నాడు. నాన్నని అతనికి తెలుసు. "నేను చూడలేదండి ఆ షెడ్డు. అప్పట్లో ఎవరూ పెట్టించేవారు కాదండి." "ఉంటే బతికేవాడా?" "చెప్పలేనండి పిన్నిగారూ. ఫ్యూజు ఎగిరిపోయేదేమో. పోకపోనూవచ్చు." నాయనమ్మ వానలోనే గొడుగు పట్టుకుని సందులో నిలబడి గొయ్యి తవ్వడం చూసింది. రాగిరేకు దించాక బొగ్గుల తట్ట సత్తిబాబు చేతిలోంచి తీసుకుని తనే పోసింది. ఉప్పు తనే చల్లింది. ఆవిడ చేతులు మోచేతుల దాకా నల్లగా అయిపోయాయి. ఎప్పుడూ లేనిది, వాటిని తుడుచుకోవడం మరిచిపోయింది.

మధ్యాహ్నానికి తీగ లాగేసి, మెయిన్ వేసి, సత్తిబాబు "ఇప్పుడు పట్టుకోండమ్మా, ఏమీ కాదు" అన్నాడు. ముందు తనే కేబినెట్ మీద చెయ్యి పెట్టి చూపించాడు. అయినా మాలో ఎవరికీ అడుగు పడలేదు. నా కట్టు చేతిలో నొప్పి దడదడా కొట్టుకుంటోంది. అమ్మ ఒక అడుగు ముందుకేసింది. నాయనమ్మ ఆవిడ జబ్బ పట్టి ఆపేసింది. "నువ్వుండు. నీకు పిల్ల ఉంది. నేను పట్టుకుంటాను." అమ్మ వద్దంటున్నా వినకుండా వెళ్లింది. పీట ఎక్కలేదు. అమ్మ పరుగున వెళ్లి మూలనున్న కర్ర అందుకుని, రెండు చేతులా పైకెత్తి నాయనమ్మ వెనకాల నిలబడింది. ఏడుస్తూనే నిలబడింది. నాయనమ్మ కళ్లు మూసుకుని, అరచెయ్యి మొత్తం ఆ ఇనప రేకు మీద ఆనించింది. నేను ఆవిడ వేళ్లనే చూస్తున్నాను. ఎంతసేపో తెలీదు. అంత భయం నేను మళ్లీ ఎన్నడూ పడలేదు. తర్వాతెప్పుడో నాకు ఆపరేషన్ అయినప్పుడూ పడలేదు, నా పిల్ల పుట్టేటప్పుడూ పడలేదు. ఆవిడ కళ్లు తెరిచి, చెయ్యి తియ్యకుండానే, "గోరువెచ్చగా ఉంది రత్నం. అంతే" అంది.

తర్వాత డ్రైవర్ పని మిగిలింది. ఈసారి ఊహించి ఎంచుకునే ధైర్యం నాకు లేదు. లోపల బొమ్మ గీసే చిప్పు మీద దాని నంబరు రాసి ఉంటుందని కాలేజీలో ఎప్పుడో విన్నాను. మెయిన్ ఆపించి, ప్లగ్గు పీకించి, సత్తిబాబు చేత కేబినెట్ పక్క రేకు విప్పించాను. దుమ్ము, సన్న తీగలు, మధ్యలో గోరంత గోరంత నల్లబిళ్లలు. నాయనమ్మ టార్చిలైటు పట్టుకుంది. అమ్మ కళ్లజోడు సర్దుకుని, మిషన్ల దగ్గర డిక్టేషన్ చెప్పినట్టు ఒక్కో అక్షరం, ఒక్కో అంకె గట్టిగా చదివింది. నేను ఎడం చేత్తో వంకరటింకరగా రాసుకున్నాను. చివరి అంకె నేను నిన్న ఎంచుకున్నదానికి తేడాగా ఉంది. ఆ ఒక్క అంకె కోసం నా చెయ్యి విరిగింది.

మళ్లీ మెయిన్ వేశాక అమ్మే కుర్చీలో కూర్చుంది. నా చేత్తో కాదు కదా. స్విచ్చి వెయ్యగానే ఒక మీట నొక్కుతూ ఉండాలని, అప్పుడు డ్రైవర్ ఏదీ లేకుండా సేఫ్ మోడ్‌లో లేస్తుందని చెప్పాను. బండరాళ్లంత అక్షరాలతో ఆ పాత తెర మళ్లీ వచ్చింది. దాన్ని చూసి అంత సంతోషిస్తామని ఎవరనుకున్నారు? తప్పు డ్రైవర్ తీసేయించాను. సరైన ఫోల్డర్ చూపించాను. మళ్లీ ఆన్ చెయ్యమని అడిగింది. అమ్మ వేలు మౌస్ మీద ఆగిపోయింది. "నొక్కనా?" అంది. నాయనమ్మ "నొక్కు" అంది.

తెర నల్లబడింది. లోపల టిక్కుమంది. కీచు చప్పుడు కోసం చెవులు రిక్కించుకుని విన్నాం. అమ్మ అప్పటికే కుర్చీలోంచి సగం లేచింది. అప్పుడు మెల్లగా, అంచులనుంచి లోపలికి, నీలం రంగు పరుచుకుంది. అక్షరాలు సన్నగా, కుదురుగా వరసలో నిలబడ్డాయి. ఒక కిటికీ తెరిచి చూస్తే కింద ఓకే బటన్ కనిపించింది. నాయనమ్మ తెరకి దగ్గరగా వంగి చూసి, ఒంట్లో బాగాలేని మనిషిని అడిగినట్టు, "ఇప్పుడు తగ్గిందా దానికి?" అంది.

సోమవారం కరస్పాండెంట్ మేడమ్ వచ్చారు. నా కట్టు చూసి ఏమైందమ్మా అంటే, పిల్ల జారిపడిందని అమ్మ చెప్పింది. పిల్లల్ని పంపారు. ఆ తర్వాత నెలల తరబడి ఆ పెట్టెని బతిమాలుకుంటూ పని చేయించాను. ఉన్న కాస్త మెమరీలోనే బొమ్మకీ వాటా ఇవ్వాలి. అందుకని తెర మీద బొమ్మలు తీసేశాను, రంగులు తగ్గించాను, కదిలే ఆర్భాటాలన్నీ ఆపేశాను. తెలుగు పేజీ జరిపినప్పుడల్లా ఒత్తులు ఊడి తెర మీద మరకల్లా మిగిలిపోయేవి. సెట్టింగుల్లో బొమ్మ గీసే వేగం ఒక మెట్టు కిందికి దించితే కుదురుకున్నాయి. అది తెలుసుకోవడానికి ఎన్నిసార్లు తెర నల్లబడిందో! నాయనమ్మ ఎండాకాలం పొద్దున్నే చెంబుతో నీళ్లు పట్టుకెళ్లి సందులో పోసొచ్చేది. కర్రలు మాత్రం తియ్యనివ్వలేదు. నేనూ తియ్యమనలేదు. ఆవిడ నిద్రలోనే పోయింది, చాలా ఏళ్ల తర్వాత. అమ్మ ఇన్‌స్టిట్యూట్ తనకి ఓపిక ఉన్నంతకాలం నడిపింది.

ఇప్పుడు నేను రాజమండ్రిలో ఒక మహిళా కాలేజీలో కంప్యూటర్ పాఠాలు చెబుతున్నాను. మా పిల్లలకి డ్రైవర్ అంటే ఏమిటో పరీక్ష కోసం చదువుకోవడమే తప్ప చేత్తో వేసే అవసరం లేదు. తనంతట తనే వచ్చి, తనకి సరిపోయేది తనే వెతుక్కుని వేసుకుంటుంది. తెర ఒక్క క్షణం నల్లబడితే వాళ్లు ఫోన్ తీసి చూసుకుంటారు. నేను మాత్రం ఆ క్షణం మాట్లాడను. అన్ని సౌకర్యాలూ వచ్చేశాయి, ఆ భయాలన్నీ మా ముందుగదిలోనే ఉండిపోయాయి అనుకుంటూ ఉండేదాన్ని.

ఆ గొయ్యి చూసొచ్చిన వారమే, ల్యాబ్‌లో ఒక వరస కంప్యూటర్లు అప్‌డేట్ అవుతూ నల్లబడ్డాయి. చివర కుర్చీలో ఉన్న మొదటి సంవత్సరం అమ్మాయి చటుక్కున లేచి వెనక్కి జరిగింది. రెండు చేతులూ వీపు వెనక్కి కట్టేసుకుంది. పక్కపిల్లలు నవ్వారు. దగ్గరికి వెళ్లాను. నుదుటి మీద చెమట పట్టి ఉంది. "ఎవరికమ్మా?" అని మెల్లగా అడిగాను. ఏమిటని తిరిగి అడగలేదు. "మా నాన్నకండి" అంది. "రొయ్యల చెరువు దగ్గరండి. నీళ్లలో తిరిగే ఫ్యాన్లుంటాయి కదండీ, దాని మోటారు. పోయిన వానాకాలం." వాళ్ల ఊరు భీమవరం అవతల. నేను చదువుకున్న రోజుల్లో అక్కడన్నీ వరిచేలు. ఇప్పుడు చెరువులు, చెరువు చెరువుకీ మోటార్లు, తడి గట్ల మీద తీగలు.

తెర మళ్లీ వెలిగింది. తక్కిన పిల్లలు పనిలో పడ్డారు. ఆ అమ్మాయి చేతులు మాత్రం వెనకే ఉన్నాయి. పక్కనున్న ఖాళీ కుర్చీ లాక్కుని కూర్చున్నాను. తనని కూర్చోమనలేదు. "గంట కొట్టడానికి ఇంకా చాలాసేపుంది. తొందరేం లేదమ్మా" అన్నాను. తను తలూపింది గానీ నిలబడే ఉంది. నేనూ అలాగే కూర్చున్నాను.